రిషభం మెట్టు మీద గాడి

"ఎవలే ఈ పెనం తోమినది?"

సుభద్రమ్మ గొంతు వంటింట్లో లేచి, పెరటి గోడ దాటి, పక్కింటివాళ్ల నూతి దగ్గర నీళ్లు తోడుకుంటున్నవాళ్లు కూడా తలెత్తి చూసేలా వెళ్లింది. పెరట్లో బట్టలారేస్తున్న పద్మకుమారి, పిండిన చీర భుజాన వేసుకుని అలాగే గుమ్మంలోకి వచ్చింది.

"నేనే, పెద్దమ్మా. నల్లగా అట్టకట్టుకుపోయి ఉంటేనూ..."

"నల్లగా ఉండకపోతే మరేటుంటాది? అది అట్లపెనం. సూడు, అద్దం సేసీసినావు. ఇందులో నువ్వు బొట్టెట్టుకుంటావో, నేను అట్టేసుకుంటానో తేల్చి సెప్పు."

"తుప్పు కడుపులోకి పోతుందేమోనని, చింతపండూ ఇటికపొడీ వేసి..."

"ముప్పయ్యేళ్లుగా పోతన్నాది. ఎవలు సచ్చినారు?"

అన్నాక సుభద్రమ్మే నాలుక కరుచుకుంది. ఆ ఇంట్లో ఒక మనిషి పోయి ఇంకా రెండేళ్లు నిండలేదు. ఆ పెనం మీద రోజూ అట్లు పోసినది కూడా ఆ మనిషే, తమ్ముడి భార్య లక్ష్మీనరసమ్మ.

మొదటి అట్టు పెనానికి కరుచుకుపోయింది. రెండోది అట్లకాడకి సగమే వచ్చింది. నెల్లిమర్ల జూటుమిల్లు ఆఫీసుకి టైమవుతోందని పీట మీద కూర్చున్న చినబాబు, పళ్లెంలో పడ్డ ముక్కలు చూసి అమాయకంగా అడిగాడు.

"అత్తా, ఇది అట్టా, ఉప్మావా?"

"నీ పెళ్లాన్నడుగు. బియ్యెస్సీ సదివినాది."

చినబాబు పెళ్లాం వైపు చూసి కళ్లతోనే నవ్వాడు గానీ, నోటితో ఏమీ అనలేదు. మేనత్త ముందు భార్యని వెనకేసుకు రావడం అతనికి చేతకాదు. పద్మకుమారికది పెళ్లయిన వారానికే అర్థమైపోయింది.

వీధరుగు మీంచి మామగారు జగన్నాధం గారి మాట వినిపించింది. "అప్పా, ఊరుకో. పెనంలో పట్టిన నూనె శేషం పోయిందంతే. వేస్తూ ఉంటే మళ్లీ అదే పడుతుంది."

"ఒరే తమ్ముడా, నీ శేషం గోల ఆ మధ్యగదిలోనే ఉంచుకో. నా వంటింట్లోకి తేకు."

సుభద్రమ్మ చిన్నతనంలోనే భర్త పోయి తమ్ముడి ఇంటికి చేరిన మనిషి. అక్కడ ఆవిడ నోటికి అడ్డం లేదు. పద్మకుమారికి వరసకు పెద్దమ్మ. మాట పెద్దదే గానీ కోపం పోపుగింజంత సేపే. చిటపటలాడి చల్లారుతుంది. అయితే ఆ ఉదయం పద్మకుమారికి మనసులో మిగిలిపోయింది తిట్టు కాదు, మామగారన్న ఆఖరి మాట. వేస్తూ ఉంటే మళ్లీ పడుతుంది. పెనానికి ఒప్పుకున్న ఈ న్యాయం మధ్యగదిలో ఎందుకు చెల్లదో ఆయన్ని ఎవరు అడుగుతారు?

విజయనగరంలో కాలేజీ కుర్రాళ్లకి ముప్పయ్యేళ్లు భౌతికశాస్త్రం చెప్పి రిటైరైన మనిషి జగన్నాధం గారు. పాఠంతోపాటు ఆయనకి సొంత సిద్ధాంతం ఒకటుండేది. దానికాయన పెట్టుకున్న పేరు శేషవాదం. ఏ వస్తువు గుండా ఏది నడిచినా, వేడి గానీ దెబ్బ గానీ చప్పుడు గానీ, అది పూర్తిగా బయటికి వెళ్లిపోదు, కొంత లోపల మిగులుతుంది. అలా మిగిలినవన్నీ కలిస్తేనే ఆ వస్తువు. ఒకసారి వంచిన తీగ మళ్లీ అక్కడే ఎందుకు వంగుతుంది? ఏళ్ల తరబడి మోగిన గంటకీ కొత్తగా పోతపోసిన గంటకీ గొంతులో తేడా ఏమిటి? స్టాఫురూములో టీ తాగుతూ ఆయన ఇలా అడుగుతుంటే తోటివాళ్లు విని, "బానే ఉంది గానీ కొలత ఏదయ్యా?" అనేవారట. కొలత ఆయన దగ్గర లేదు.

ఇంట్లో లక్ష్మీనరసమ్మ మాత్రం, "మరి నా పనసదుంగలో నేనెంత మిగిలానో చెప్పండి" అని నవ్వేదట. ఆవిడది బొబ్బిలి. పుట్టింటి నుంచి తెచ్చుకున్న వీణ, ఒకే పనసదుంగలో తొలిచినది. పెళ్లయిన కొత్తలో జగన్నాధం గారు ఆవిడకి కొనిచ్చింది చీర కాదు, ఒక ట్యూనింగ్ ఫోర్కు. చివరిదాకా ఆవిడ దానికే శృతి పెట్టుకుంది.

ఆవిడ పోయాక సిద్ధాంతానికి ఆయన ఒక కొస కలిపారు. కొత్త చప్పుడు పాత చప్పుడు మీద పూతలా పడుతుంది, పాతది కిందికి పోతుంది, కాబట్టి వీణని ఎవరూ ముట్టుకోకూడదు, మధ్యగదిలో ఎవరూ గొంతెత్తకూడదు. రేడియో వంటింటి పక్క నడవలోకి మారింది. అక్కడ దానికి సముద్రం హోరు తప్ప ఏ స్టేషనూ సరిగ్గా అందదు. చినబాబుకి మధ్యగదిలో తుమ్మొస్తే పెరట్లోకి పరిగెత్తడం అలవాటైంది. నడుస్తూ కూనిరాగం తీసే అలవాటున్న పద్మకుమారి గడప దగ్గరకొచ్చేసరికి, చెప్పులు విడిచినట్టు, రాగాన్ని విడిచి లోపలికి అడుగుపెట్టేది.

ఆమె సంగతి ఎవరికీ తట్టలేదు. శ్రీకాకుళంలో పుట్టింట ఆమెకీ ఒక వీణ ఉంది. సంబంధం ఖాయమైన రోజున, మాటల మధ్య, "మా ఇంట్లో బొబ్బిలి వీణుంది" అన్నాడు చినబాబు. "అయితే రెండెందుకూ, ఇది చెల్లికి ఉంటుంది" అన్నాడు వాళ్ల నాన్న. అంతే, ఆమె వీణ అక్కడే ఉండిపోయింది. ఇక్కడి వీణ ఎర్ర శాలువా కింద ఉంది. రోజూ దాని పక్కనుంచే మంచినీళ్ల బిందె పట్టుకుని నడుస్తుంది. ఎడమచేతి వేళ్ల కొసల్లో తీగ నొక్కి నొక్కి కాయకాసిన చర్మం ఈ ఏడాదిలో మెత్తబడిపోయింది. అన్నం కలుపుతున్నప్పుడో, జడ వేసుకుంటున్నప్పుడో బొటనవేలితో ఆ కొసలు తడుముకునేది. ఒక్కో నెలా ఇంకాస్త మెత్తగా తగిలేవి.

ప్రతి గురువారం దీపాలవేళ జగన్నాధం గారు ప్రయోగం చేసేవారు. కోడలు సైన్సు చదివింది కాబట్టి సహాయం ఆమెదే. శాలువా కొస తొలగించి, ఫోర్కుని రబ్బరు బిరడా మీద కొట్టి, దాని కాడను, తీగలు ఆనే గుర్రం పక్కన చెక్కకి ఆనించాలి. ఆయన రబ్బరు గొట్టం ఒక కొస చెవిలో పెట్టుకుని, రెండో కొసకు తగిలించిన గాజు గరాటుని వీణ కుండకు ఆనించి, కళ్లు మూసుకునేవారు. ఫోర్కు ఎత్తేశాక కూడా లోపలినుంచి సన్నగా ఒక జవాబు వచ్చేది. ఆయన మొహంలో అప్పుడు వచ్చే మార్పు చూడ్డానికి పద్మకుమారికి కొంచెం సిగ్గుగా ఉండేది, ఇంకొకరి గదిలోకి తలుపు తట్టకుండా వెళ్లినట్టు.

జవాబు ఎక్కడనుంచి వస్తోందో ఆమెకి మొదటి గురువారమే తెలుసు. అత్తగారు ఆ ఫోర్కుకే బిగించుకున్న తీగ, ఆ ఫోర్కు మోగితే పలుకుతుంది. అనునాదం. ఆ పాఠాన్ని ముప్పయ్యేళ్లు చెప్పిన మనిషికి తెలియదా? తెలుసు. అందుకేనేమో ఆయన తీగలు బిగించే బిరడల జోలికి పోలేదు.

ఎండలకీ వానలకీ తీగలు కొద్దికొద్దిగా సడలాయి. జవాబు సన్నబడింది. సంక్రాంతి దాటాక మరీ సన్నబడింది. కిందటి గురువారం ఆయన రెండుసార్లు కొట్టించి, మూడోసారి తనే ఫోర్కు తీసుకుని కొట్టి, చాలాసేపు విని, గొట్టం చెవినుంచి తీశారు.

"వీధిలో జట్కా ఏదో పోయింది. వినబడలేదు," అన్నారు.

వీధిలో ఏ జట్కా పోలేదు.

ఆ రాత్రి ఆయన మజ్జిగన్నం దాకా రాకుండానే లేచిపోయారు. మర్నాటినుంచి అరుగు మీద పేపరు ఒళ్లో పెట్టుకుని కూర్చునేవారు గానీ పేజీ తిరిగేది కాదు. ఆవిడ పోయినప్పుడు ఏడవని మనిషి, ఇప్పుడు ఆవిడ రెండోసారి పోతున్నట్టు కూర్చున్నారు.

అట్టు అతుక్కుపోయిన ఈ రోజు మళ్లీ గురువారం.

మధ్యాహ్నం జగన్నాధం గారు లైబ్రరీకి వెళ్లారు. సుభద్రమ్మ పొద్దున్నుంచి చేతులకి నూనె రాసుకుని పనసకాయ కొట్టి కొట్టి, పొట్టు గిన్నెలో పోసి తడిగుడ్డ కప్పి, నడవలో చాప మీద వాలింది. గురక మొదలయ్యేదాకా ఆగి పద్మకుమారి మధ్యగదిలోకి వెళ్లి శాలువా తీసింది.

బిరడ ఒక్క వెంట్రుకవాసి తిప్పి, తీగని ఫోర్కుకి తెచ్చి, మళ్లీ కప్పేసి రావాలి. ఆమె అనుకున్నది అంతవరకే. మామగారి మీద జాలి. కానీ ఆ జాలి సగమే. మిగతా సగం ఏమిటో ఆమె వేళ్లకి తెలుసు.

శాలువా కింద వీణ మంచి స్థితిలో లేదు. తీగల కింద మెట్లు నిలబెట్టే మైనం రెండు వేసవులకి బీటలు తీసింది. పైస్థాయిలో ఒక మెట్టు పక్కకి ఒరిగింది. బిరడల మీద మెత్తటి దుమ్ము. ఇన్నాళ్లూ భద్రంగా దాస్తున్నామనుకున్నది ఇక్కడ ఇలా పాడైపోతోందన్నమాట. ఆమెకి పొద్దుటి పెనం గుర్తొచ్చింది. తను తోమి పోగొట్టింది, ఈయన తాకకుండా పోగొడుతున్నారు.

బిరడ తిప్పింది. శృతి కలిసిందో లేదో తెలియాలంటే మీటాలి. మీటింది.

ఆ చప్పుడుకి ఆమే ఉలిక్కిపడింది. గది గోడలు కూడా వినడం మరిచిపోయినట్టు, ఒక క్షణం ఆలస్యంగా ప్రతిధ్వనించాయి. ఇంకో రెండు తిప్పులు, ఇంకో మీటు. కలిసింది. అక్కడితో ఆపాలి. ఎడమచేయి తనంతట తనే మెట్ల మీదికి వెళ్లింది.

రిషభం మెట్టు మీద గాంధారం కోసం తీగను పక్కకి లాగినప్పుడు వేలి కింద ఏదో తగిలింది. వంగి చూసింది. కంచు మెట్టు మీద తీగ అరిగి అరిగి గాడి పడింది. తిన్నగా ఉన్న గాడి మామూలే, ఏ పాత వీణకైనా ఉంటుంది. ఇది పక్కకి సాగింది. పద్మకుమారి ఎప్పుడూ లాగే చోటుకి సాగి, అక్కడ ఆగకుండా ఇంకాస్త దూరం పోయి ముగిసింది. మళ్లీ మీటి, తీగని గాడిలోకి వదిలింది. తన లెక్క ప్రకారం ఆగాల్సిన చోట తీగ ఆగలేదు. గాంధారం తన చోటు దాటి కొంచెం పైకి పోయి, అక్కడ ఒక్క లిప్త తచ్చాడి, వెనక్కి వచ్చింది.

శ్రీకాకుళంలో ఆమె గురువుగారు ఇలా లాగితే చేతి మీద కొట్టేవారు. ఈ లాగుడు ఆమెకి ఎవరూ నేర్పలేదు. ఇంకోసారి వాయించింది. ఇంకోసారి. మెత్తబడ్డ వేళ్లకి తీగ కత్తిలా తగులుతోంది. ఎప్పుడూ చూడని అత్తగారి చేయి తన చేతి మీద ఆనించి ఉన్నట్టనిపించింది. భయం వేయలేదు.

"నర్సీ," నడవలోంచి సుభద్రమ్మ నిద్రమత్తు గొంతు, పోయిన మరదల్ని పిలుస్తూ. "వాయించినకాడికి సాల్లే. కాఫీ ఎట్టినావేటి?"

పద్మకుమారి రెండు చేతులతో తీగలు మూసేసింది.  కాసేపటికి గురక మళ్లీ అందుకుంది. శాలువా కప్పి, గోడకి చేరబడి కూర్చుంది. ఎడమచేతి చూపుడువేలి మీద ఎర్రటి గీత పడింది. దాన్ని నోట్లో పెట్టుకుని అలాగే చాలాసేపు ఉండిపోయింది.

దీపాలవేళ జగన్నాధం గారు గొట్టం తెచ్చుకుని కూర్చున్నారు. మొహంలో ఆశ ఏమీ లేదు. గురువారం వచ్చింది కాబట్టి కూర్చున్నారు. పద్మకుమారి ఫోర్కు కొట్టి చెక్కకి ఆనించి తీసేసింది.

వీణ పలికింది. గొట్టం అక్కర్లేకుండా గుమ్మం దాకా వినబడేలా పలికింది.

ఆమె మామగారి మొహం చూడలేకపోయింది. చూసినప్పుడు అక్కడ సంతోషం లేదు. ఆయన గొట్టం ఒళ్లో పెట్టుకుని, శాలువా ఇంకాస్త తొలగించి, బిరడల వైపు చూస్తున్నారు. ఒక బిరడ మీద దుమ్ము లేదు. దానిమీద వేలు పెట్టి, తీసి, శాలువా జాగ్రత్తగా సర్ది, అరుగు మీదికి వెళ్లిపోయారు. పద్మకుమారి చేతిలో ఫోర్కుతో అక్కడే నిలబడింది. అరిచినా బాగుండేది. ఆయనకి మిగిలిన ఒక్కదాన్నీ తన చేత్తో అబద్ధం చేసేసింది.

అరుగు మీద అక్కాతమ్ముళ్ల మాటలు కిటికీలోంచి వినబడుతున్నాయి.

"ఒరే, మజ్జానం నాకు కలొచ్చినాది. నర్సి కూకుని వాయిస్తన్నాది. నేను కాఫీ కూడా అడిగినాను."

"ఏం వాయించింది?"

"నాకేటి తెలుస్తాదిరా పేర్లు? ఎప్పుడూ వాయించినదే. అదే, నువ్వు ఏడిపించీవోడివి కాదేటి, నీ గాంధారం గుమ్మం దాటి వీధిలోకెల్లి సూసొస్తాదని. అది."



రాత్రి భోజనాల్లో పనసపొట్టు ఆవకూర. చినబాబుకి ప్రాణం. రెండోసారి వడ్డించమని పళ్లెం జరుపుతూ, "అత్తా, అట్టు చెడినా పొట్టు నిలబెట్టావు," అన్నాడు.

"నా పొట్టు ఎవలూ తోమనేదు కాబట్టి," అంది సుభద్రమ్మ, గోడవారన కూర్చుని విసనకర్రతో విసురుకుంటూ. "రేపు ఉల్లిపాయ కోసి పెనమంతా రుద్దాలి. నువ్వే రుద్దాల, పద్దూ."

"రుద్దుతాను, పెద్దమ్మా."

జగన్నాధం గారు అన్నం కలుపుతున్నారు గానీ ముద్ద నోటిదాకా వెళ్లడం లేదు. నెయ్యి వడ్డించడానికి పద్మకుమారి వంగినప్పుడు ఆయన తలెత్తారు.

"నీ వేలు చూపించమ్మా."

ఆమె ఎడమచేయి చాపింది. ఎర్రగీత అక్కడే ఉంది. విసనకర్ర ఆగింది. చినబాబు నమలడం ఆపాడు.

"బిరడ నేనే తిప్పాను, మావయ్యా. మీకు వినిపించాలని. తర్వాత వాయించాను. అది మాత్రం నాకోసమే."

"ఆ లాగుడు ఎవరు చెప్పారు నీకు? చినబాబు చెప్పాడా?"

"నాకేం తెలుసు నాన్నా లాగుడూ పీకుడూ!" చినబాబు కంగారుపడ్డాడు.

"ఎవరూ చెప్పలేదు, మావయ్యా. రిషభం మెట్టు మీద గాడి ఉంది. తీగ అందులో పడితే వేలు అదే దారిన పోతుంది. నేను ఆపాలనుకున్నా ఆగలేదు."

"అయితే నాది కల కాదన్నమాట," సుభద్రమ్మ నెమ్మదిగా అంది. "కాఫీ నిన్నడిగినానేటే?"

 జగన్నాధం గారు పళ్లెంలోకి చూస్తూ కూర్చున్నారు.  పద్మకుమారికి అక్కడితో వదిలేయడం తేలిక. ఆయన సిద్ధాంతానికి ఇన్నాళ్లూ దొరకని రుజువు దొరికింది, వదిలేస్తే రేపు వీణ తన ఒళ్లోకి వస్తుంది. అయినా చెప్పకపోతే అది బిరడ తిప్పడం కన్నా పెద్ద మోసమవుతుంది.

"ఇంకొకటుంది, మావయ్యా. నేను వాయిస్తూ ఉంటే అత్తయ్య గాడి అలా ఉండిపోదు. నా చేతివాటం వేరు. కొన్నేళ్లకి అది అరిగి, నాది పడుతుంది."

"తెలుసు."

"వాయించకపోతే..."

"అదీ తెలుసమ్మా. ఇవాళ మైనం చూశాను." ఆయన నీళ్లగ్లాసు అందుకుని, తాగకుండానే కింద పెట్టారు. "పొద్దున్న అప్పకి పెనం సంగతి చెప్పింది నేనే కదూ."

"సెప్పినావు. నేను తిట్టినాను," అంది సుభద్రమ్మ. కొంగుతో కళ్లు ఒత్తుకుంటూనే, "తిను ముందు. అన్నం సల్లారిపోతన్నాది," అంది.

ఆయన ఒక ముద్ద తిన్నారు. మరో ముద్ద తిన్నారు. పొట్టుకూర ఇంకాస్త వేయమన్నట్టు పళ్లెం మీద వేలితో చూపించారు. పద్మకుమారి వేసింది. 

"ఆదివారం మొదటి బస్సుకి బొబ్బిలి వెళ్తున్నాం," అన్నారు ఆయన, క్లాసులో చివరి బెంచీకి కూడా వినబడేలా. "మైనం కొత్తది వేయించాలి. మెట్లు మాత్రం అవే ఉండాలి, ఆకురాయి పెట్టి ఎవడూ నునుపు చేయకూడదు. పనివాడి పక్కన కూర్చుని ఆ మాట చెప్పాల్సింది నువ్వే, శృతి చూసుకోవాల్సిందీ నువ్వే. తిరిగొచ్చాక రోజూ దీపాలవేళ మధ్యగదిలో వాయించు. గాడి అరగనీ. అరిగేదాకా నేను వింటాను."